గుమ్మడికాయల దొంగ ఎవరంటే మన భుజాలే ఎందుకు తడుముకుంటాం?

పోస్టు కొంచెం పొడుగైంది. రెండు రాత్రులు స్టడీ అవర్ అయిపోయినాక కూర్చుని రాసినా. ఓపిక చేసుకుని చివరిదాకా చదవండి.

నాది అనుమసముద్రంపేట మండలం. ఏఎస్ పేట అంటే అందరికీ తెలుస్తుంది, దర్గా ఉండే ఊరు. మా యానాది సంగంలో డిగ్రీ దాకా వచ్చిన మొదటి ఆడపిల్లను నేనే. ఇప్పుడు వేరే ఊళ్లో హాస్టల్లో ఉండి బీఎస్సీ రెండో సంవత్సరం చదువుతా ఉన్నా.

పోయిన నెల మా హాస్టల్లో ఒకమ్మాయి బంగారు కమ్మలు పోయినాయి. రాత్రి భోజనాలు కాగానే అందరినీ హాల్లో నిలబెట్టినారు. మేడమ్ ఇంకా నోరు తెరవలేదు. ఎవరి పేరూ ఎవరూ చెప్పలేదు. నేను మాత్రం గబగబా గదిలోకి పోయి నా ట్రంకు పెట్టె తెచ్చి అందరి ముందర బోర్లించినా. బట్టలు, పుస్తకాలు, అమ్మ కట్టిచ్చిన చింతపండు పొట్లం, అన్నీ నేల మీద పడినాయి. ఎందుకు అట్ట చేసినానో ఆ నిమిషంలో నాకే తెలియదు.

మూడో రోజు ఆ అమ్మాయి వాళ్ల అమ్మ ఫోన్ చేసి చెప్పింది, కమ్మలు ఇంట్లోనే సబ్బు పెట్టెలో ఉన్నాయని. కథ అయిపోయింది. కానీ నా పక్క మంచం అమ్మాయి ఒక మాట అనింది: "నువ్వు అడక్కముందే పెట్టె తెచ్చినావు చూడు, నాకు అప్పుడే నీ మీద అనుమానం వచ్చింది." నవ్వుతానే అనింది. చెడ్డ పిల్ల కాదు. కానీ ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఈ పోస్టు ఆ రాత్రి మొదలైంది.

గుమ్మడికాయల దొంగ కథ మనందరికీ తెలుసు. గుమ్మడికాయలు పోయినాయి. పెద్దమనిషి అందరినీ పిలిచి, దొంగ భుజాల మీద బూడిద ఉంది చూడండి అన్నాడు. దొంగ భుజాలు తడుముకున్నాడు, దొరికిపోయినాడు. ఆలోచిస్తే ఇది తెలుగులో అందరికీ తెలిసిన డిటెక్టివ్ కథ. ఆధారం లేదు, సాక్షి లేడు, మనిషి మనసు చదివి దొంగను పట్టినారు. వినడానికి బాగుంది. కానీ ఈ కథలో ఒక లోపం ఉండాది. భుజాలు తడుముకునేది దొంగ ఒక్కడే కాదు. ఊళ్లో ఏది పోయినా తన పేరే ముందు వచ్చే మనిషి కూడా తడుముకుంటాడు. తప్పు చేసి కాదు, భయంతో. ఆ రాత్రి నేను బోర్లించింది పెట్టె కాదు, నా భుజాలే.

అందుకే డిటెక్టివ్‌ల గురించి, వాళ్ల పేరుప్రతిష్ఠల గురించి నాకు తెలిసినంతా పోగేసినా. సినిమాలో చూసే డిటెక్టివ్ వేరు, మా తాత చూసిన డిటెక్టివ్ వేరు. ఈ ఇద్దరూ ఒకడే ఎందుకు కాలేకపోయినాడు అనేది నా ప్రశ్న.

ముందు సినిమా డిటెక్టివ్. మా హాస్టల్లో 'ఏజెంట్ సాయి శ్రీనివాస ఆత్రేయ' ఎన్నిసార్లు పెట్టుకుని చూసినామో లెక్కలేదు. 2019లో వచ్చింది. డిటెక్టివ్ ఆఫీసు మన నెల్లూరులోనే. నెల్లూరు వీధుల్లో ఒక మామూలు కుర్రోడు కోటు వేసుకుని కేసులు పరిశోధిస్తా ఉంటే మాకు భలే సంతోషం. అంతకు ముందు 1986లో జంధ్యాల గారు తీసిన 'చంటబ్బాయ్'లో చిరంజీవి డిటెక్టివ్. ఇంకా వెనక్కి పోతే కొమ్మూరి సాంబశివరావు గారి డిటెక్టివ్ యుగంధర్, ఆయన అసిస్టెంట్ రాజు. మా మ్యాథ్స్ సార్ చిన్నప్పుడు అద్దెకు తెచ్చుకుని ఒక్క రాత్రిలో చదివేసి తెల్లారి తిరిగిచ్చేవాడంట. ఈ డిటెక్టివ్‌లందరికీ ఒక గుణం ఉండాది. చెయ్యి ఎత్తరు. సిగరెట్ పీక, బురద అడుగు, చిరిగిన కాగితం చూసి ఆలోచిస్తారు. పోలీసు ఇన్‌స్పెక్టర్ తప్పుడు మనిషిని పట్టుకుంటే, డిటెక్టివ్ వచ్చి విడిపిస్తాడు.

తప్పుడు మనిషిని పట్టుకోవడం అనేది అన్ని కథల్లోనూ పోలీసుల పని అయింది ఎందుకో గమనించినారా? అది రచయితల సరదా కాదు. దాని వెనక చరిత్ర ఉంది.

పారిస్‌లో 1812 ప్రాంతంలో పోలీసు పరిశోధక దళాన్ని మొదలుపెట్టిన విడాక్ అనే ఆయన అంతకు ముందు జైలుకు పోయివచ్చిన నేరస్తుడు. దొంగ గుట్టు దొంగకే తెలుసని ఆయన తన మనుషుల్ని కూడా జైలు నుంచి వచ్చినోళ్లలోనే ఎంచుకున్నాడు. లండన్‌లో 1829లో యూనిఫాం పోలీసులు వచ్చినా, డిటెక్టివ్ విభాగం పెట్టడానికి 1842 దాకా పట్టింది, అదీ ఎనిమిది మందితో. ఎందుకంటే మామూలు బట్టల్లో తిరిగే పోలీసు అంటే అక్కడి జనానికి వేగులోడు అనే అసహ్యం. 1877లో ఆ డిటెక్టివ్‌లలో పెద్దవాళ్లే మోసగాళ్ల దగ్గర లంచాలు తిని కోర్టు బోనెక్కినారు. మరుసటి సంవత్సరం పాత విభాగం తీసేసి సీఐడీ అని కొత్తది పెట్టినారు. షెర్లాక్ హోమ్స్ మొదటి కథ వచ్చింది 1887లో, అంటే ఆ గొడవ జరిగిన పదేళ్లకు. జనానికి నిజం పోలీసు మీద నమ్మకం పోయినప్పుడు, కథలో ఒక ప్రైవేటు డిటెక్టివ్ పుట్టినాడు. ఇది నా అభిప్రాయం, కాదనేవాళ్లు కాదనొచ్చు.

ఇప్పుడు మన దగ్గరికి వస్తా.

మన నెల్లూరు అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేది. 1855లో మద్రాసులో ఒక కమిషన్ రిపోర్టు ఇచ్చింది. దాని పేరే టార్చర్ కమిషన్. శిస్తు వసూలు చేయడానికీ, నేరం ఒప్పించడానికీ కింది ఉద్యోగులు జనాన్ని ఎట్ట హింసిస్తున్నారో కంపెనీ ప్రభుత్వమే విచారించి రాసుకుంది. ఆ తర్వాత 1859లో మద్రాసు పోలీసు చట్టం వచ్చింది. 1872 సాక్ష్య చట్టంలో ఒక గొప్ప మాట పెట్టినారు: పోలీసు అధికారి ముందు ఒప్పుకున్న నేరాన్ని ముద్దాయి మీద రుజువుగా వాడకూడదు. 25వ సెక్షన్. అంటే చట్టం రాసినోళ్లకే తెలుసు, స్టేషన్‌లో ఒప్పుకోలు ఎట్ట వస్తుందో.

కానీ పక్కనే 27వ సెక్షన్‌లో ఒక సందు వదిలినారు. ముద్దాయి చెప్పిన మాట వల్ల ఏదన్నా వస్తువు దొరికితే, ఆ వస్తువుకు సంబంధించినంత వరకు ఆ మాట చెల్లుతుంది. మన పేపర్లలో ప్రతి రోజూ చూసే 'రికవరీ' అనే మాటకు అంత విలువ ఎందుకో ఇప్పుడు అర్థమవుతుంది. మనిషిని పట్టుకోవడం కంటే వస్తువు చూపించడం ముఖ్యం అయింది. 2024 జులై 1 నుంచి కొత్త సాక్ష్య చట్టం అమల్లోకి వచ్చింది. అందులో ఈ రెండూ 23వ సెక్షన్‌లో ఉన్నాయి. నంబరు మారింది, సూత్రం అదే.

1902–03లో దేశమంతా పోలీసు వ్యవస్థ మీద ఒక కమిషన్ వేసినారు. పోలీసులు అసమర్థులుగా, అవినీతిపరులుగా, జనాన్ని పీడించేవాళ్లుగా ఉన్నారని ఆ కమిషనే రాసింది. ఆ సిఫార్సుల తర్వాతే రాష్ట్రాల్లో సీఐడీలు, పైన కేంద్రంలో క్రిమినల్ ఇంటెలిజెన్స్ విభాగం వచ్చినాయి. ఆ కమిషన్‌కు కార్యదర్శిగా పనిచేసి, తర్వాత ఆ కేంద్ర విభాగానికి మొదటి అధిపతి అయినాయన హెరాల్డ్ స్టువర్ట్. మద్రాసు పోలీసు శాఖ నుంచి పోయినాయన.

పేరు ఎక్కడో విన్నట్టుందా? అవును, స్టువర్టుపురం. బాపట్ల దగ్గర 1913లో సాల్వేషన్ ఆర్మీ వాళ్ల చేతికిచ్చి ఎరుకల కుటుంబాలను పెట్టిన సెటిల్‌మెంటుకు ఆయన పేరే పెట్టినారు. దేశంలో నేర నిఘాకు మొట్టమొదటి పెద్ద ఎవరో, ఆయన పేరుతోనే ఒక ఊరు ఊరంతా దొంగలని ముద్ర వేయించుకుంది. ఇది నేను చదివినప్పుడు పుస్తకం మూసి కాసేపు ఊరికే కూర్చున్నా.

దీనికి చట్టం ఉంది. క్రిమినల్ ట్రైబ్స్ యాక్ట్. 1871లో ఉత్తరాదిన మొదలైంది, 1911లో కొత్త చట్టంగా మద్రాసుకు కూడా వచ్చింది. ఒక తెగ పేరు గెజిట్‌లో వేస్తే చాలు, ఆ తెగలో పుట్టినోళ్లను రిజిస్టర్‌లో ఎక్కించి వేలిముద్రలు తీసుకోవచ్చు. ఊరు దాటాలంటే చెప్పి పోవాలి. హాజరు వేయించుకోవాలి. మన జిల్లాలోనే కావలి దగ్గర, బిట్రగుంట పక్కన కప్పరాళ్లతిప్పలో ఒక సెటిల్‌మెంటు ఉండేది, అమెరికన్ బాప్టిస్టు మిషన్ వాళ్లు నడిపినారు. ఎరుకలతో పాటు మన యానాదులూ ఈ చట్టం దెబ్బ తిన్నారు. యానాదులను ఈ చట్టం నుంచి తప్పించాలని వెన్నెలకంటి రాఘవయ్య గారు ఏళ్ల తరబడి కొట్లాడినారు. నెల్లూరు జిల్లా మనిషి, మన కులం కాదు, అయినా జీవితమంతా మనకోసం తిరిగినాడు. ఆయన పేరు మన హాస్టళ్లలో సగం మందికి తెలియదు. మద్రాసు రాష్ట్రంలో 1947లోనే రద్దు చట్టం చేసినారు. దేశమంతటా 1952 ఆగస్టు 31న రద్దయింది. కానీ తెగ పేరు తీసేసి 'అలవాటైన నేరస్తులు' అనే పేరుతో వేరే చట్టాలు పెట్టినారు.

ఇక్కడ నా వాదన చెప్తా. డిటెక్టివ్ పని ఏంది? నేరం జరిగిన చోటు నుంచి మొదలుపెట్టి మనిషి దగ్గరికి రావడం. ఈ చట్టం ఏం చేసింది? మనిషి దగ్గర మొదలుపెట్టి నేరం దగ్గరికి పోయింది. అంటే పరిశోధనను తలకిందులు చేసింది. జాబితా ఉంటే పరిశోధన ఎందుకు? దొంగతనం జరిగిందా, పుస్తకం తెరువు, సంగంలో దూరు, నలుగురిని ఎత్తుకురా. డెబ్భై ఏళ్లు దాటినా ఆ అలవాటు పోలేదు. 'కేడీ' అనే మాట మనం తిట్టుగా వాడతాం. అది తెలుగు మాట కాదు. పోలీసు రికార్డుల్లో రాసే 'నోన్ డిప్రెడేటర్' అనే ఇంగ్లీషు మాటకు పొట్టి పేరు. చూడండి, స్టేషన్ పుస్తకంలో మాట మన ఇళ్లలోకి వచ్చి పిల్లల్ని తిట్టే మాట అయింది.

వేలిముద్రల కథ ఇంకా విచిత్రం. ఈ విద్య మన దేశంలోనే పెరిగింది. 1858లో బెంగాల్‌లో విలియం హెర్షెల్ అనే అధికారి ఒక కాంట్రాక్టు కాగితం మీద సంతకంతో పాటు అరచేతి ముద్ర వేయించినాడు. 1897లో కలకత్తాలో ప్రపంచంలోనే మొదటి వేలిముద్రల బ్యూరో పెట్టినారు. దాని పేరు ఎడ్వర్డ్ హెన్రీకి పోయింది గానీ, ఆ ముద్రలను వరసగా వర్గాలుగా విడదీసే లెక్క కట్టింది ఆయన కింద పనిచేసిన అజీజుల్ హక్, హేమచంద్ర బోస్ అనే మనోళ్లు. లండన్ స్కాట్లండ్ యార్డుకు ఈ పద్ధతి చేరింది 1901లో, మన తర్వాత.

మొదటి కేసుల్లో ఒకటి జల్పాయిగురి టీ తోటది. మేనేజరును చంపినారు. పెట్టెలో ఒక పంచాంగం మీద నెత్తుటి బొటనవేలి ముద్ర దొరికింది. అది పాత నౌకరుది అని తేలింది. కోర్టు ఏం చేసిందో తెలుసా? దొంగతనానికి శిక్ష వేసింది, హత్యకు వేయలేదు. వేలిముద్ర అతను అక్కడ చెయ్యి పెట్టినాడని చెప్తుంది, చంపినాడని చెప్పదు కదా. ఎంత జాగ్రత్త! ఆధారం ఎంతవరకు చెప్తుందో అంతవరకే నమ్మినారు. అదీ పరిశోధన అంటే.

మనకు వేలిముద్ర అంటే వేరే అర్థం. మా ఇంట్లో నాయన, అమ్మ, తాత, అవ్వ అందరూ వేలిముద్రగాళ్లే. రేషన్ షాపులో, అప్పు కాగితంలో, పింఛన్ మిషన్‌లో బొటనవేలు పెడతారు. కష్టం చేసి చేసి గీతలు అరిగిపోయి మా అవ్వ వేలు మిషన్ పట్టదు. ఎంత తుడిచినా పట్టదు. వేలు పట్టకపోతే బియ్యం లేదు. అదే వేలు నూరేళ్ల కిందట రిజిస్టర్‌లో మాత్రం గట్టిగా పట్టింది. మా ఇంట్లో సంతకం పెట్టే మొదటి మనిషిని నేను.

ఇప్పుడు మా తాత సంగతి. ఊరి పేరు, స్టేషన్ పేరు రాయను. ఏఎస్ పేటకు దూరంగా వేరే చోట ఒక నిమ్మతోటలో మా తాత కాపలా ఉండేవాడు. మన యానాదులను తోటలకు, చెరువులకు, పొలాలకు కాపలా పెట్టుకోవడం జిల్లాలో పాతకాలం నుంచి ఉండేదే. కాపలాకు నమ్ముతారు, ఏదన్నా పోతే అనుమానిస్తారు. ఆ తోటలో మోటారు వైరు పోయింది. మామూలు బట్టల్లో ఇద్దరొచ్చి తాతను తీసుకుపోయినారు. మూడు రోజులు. నాలుగో రోజు వదిలిపెట్టినారు. తర్వాత వైరు దొంగ ఎవరో తేలింది, తాతకు ఏ సంబంధమూ లేదు. అయినా ఆ తర్వాత ఎక్కడ ఏది పోయినా రెండుసార్లు పిలిపించినారు. లోపల ఏం జరిగిందో తాత ఎప్పుడూ చెప్పలేదు. ఒక్క మాట మాత్రం అంటాడు: "మన పేరు ఒకసారి పుస్తకంలో ఎక్కిందంటే అది వానకు తడవదు, ఎండకు ఎండదు అమ్మా."

తమాషా ఏందంటే, నేను చూసిన మనుషుల్లో అసలైన డిటెక్టివ్ మా తాతే. పొలంలో ఎలుకల బొరియ చూస్తే చెప్తాడు, లోపల ఎలుక ఉందా, పోయిందా, పాము దూరిందా అని. మట్టి తడి చూస్తాడు. గింజల పొట్టు చూస్తాడు. ఇంకో దోవ ఎక్కడుందో గడ్డి వంగిన తీరు చూసి కనిపెడతాడు. ముందు చూస్తాడు, తర్వాతే తవ్వుతాడు. కనపడిన ప్రతి బొరియా తవ్వితే పొలం పాడవుతుంది, ఎలుకా దొరకదు, రైతు తిడతాడు. ఈ చిన్న లెక్క మా తాతకు తెలుసు.

మేము కూడా తక్కువోళ్లం కాదు. దర్గాలో గంధం రోజుల్లో జనం ఇసకేస్తే రాలనంత వస్తారు. జేబుదొంగల కోసం మఫ్టీలో పోలీసులు తిరుగుతా ఉంటారు. చిన్నప్పుడు మేం పిల్లలం వాళ్లను కనిపెట్టే ఆట ఆడేవాళ్లం. లుంగీ కట్టినా జుట్టు కటింగ్, కాళ్లకు బూట్లు చూస్తే తెలిసిపోయేది. ఒకాయన్ను మేం గుర్తుపట్టి నవ్వితే ఆయన కూడా నవ్వి శనక్కాయలు కొనిచ్చినాడు. పోలీసులందరూ ఒకటే అని నేను రాయడం లేదు. అందరూ ఒకటే అని రాస్తే మనమీద వాళ్లు రాసిన పుస్తకానికీ నా పోస్టుకూ తేడా ఏముంది?

ఇంకొక మాట నిజాయితీగా చెప్పాలి. ఒక అన్న నాతో అన్నాడు, "డిటెక్టివ్‌లు, సీఐడీలు మనకెందుకు, వాళ్లు లేకపోతేనే మనకు మేలు" అని. నేను ఒప్పుకోను. నేను హాస్టల్లో ఉండే ఆడపిల్లను. 2007 డిసెంబర్‌లో విజయవాడ దగ్గర ఇబ్రహీంపట్నంలో ఒక ఫార్మసీ విద్యార్థినిని హాస్టల్లోనే చంపేసినారు. నన్ను హాస్టల్లో చేర్చేటప్పుడు మా అమ్మకు ఎవరో ఆ సంగతి చెప్తే రెండు రోజులు అన్నం తినలేదు. ఆ కేసులో 2008లో ఒక పేద దళిత యువకుణ్ణి పట్టుకున్నారు. 2010లో శిక్ష పడింది. 2017 మార్చి 31న హైకోర్టు అతను నిర్దోషి అని విడిచిపెట్టి, లక్ష రూపాయలు పరిహారం ఇమ్మనింది. దాదాపు తొమ్మిదేళ్ల వయసు జైల్లో పోయింది. 2018లో మళ్లీ దర్యాప్తు చేయమని సీబీఐకి ఇచ్చినారు.

అక్కడ ఇద్దరికి అన్యాయం జరిగింది. తప్పుడు మనిషిని పట్టుకున్న ప్రతిసారీ ఇద్దరికి అన్యాయం జరుగుతుంది. ఒకటి పట్టుబడినోడికి. రెండు, ఎవరికోసం పరిశోధన చేస్తున్నారో వాళ్లకు. అసలైనోడు బయట తిరుగుతా ఉంటాడు. కాబట్టి చెడ్డ పరిశోధన మన సమస్య మాత్రమే అనుకునే మంచి కుటుంబాలోళ్లు కూడా ఆలోచించుకోవాలి. నాకు మంచి డిటెక్టివ్ కావాలి. యానాది పిల్లనైనందుకు కావాలి, హాస్టల్ పిల్లనైనందుకు ఇంకా ఎక్కువ కావాలి.

మహారాష్ట్రలో సంచార తెగలకు చెందిన ఆరుగురికి మరణశిక్ష వేసినారు. సుప్రీంకోర్టే 2009లో ఆ శిక్ష ఖాయం చేసింది. పదేళ్ల తర్వాత, 2019 మార్చిలో, అదే సుప్రీంకోర్టు వాళ్లు నిర్దోషులని తేల్చి ఒక్కొక్కరికి ఐదు లక్షలు ఇమ్మనింది. పదహారేళ్లు జైల్లో ఉన్నారు. ఉరి తీసి ఉంటే ఆ ఐదు లక్షలు ఎవరికిచ్చేవాళ్లు?

'జై భీమ్' సినిమా చూసి మనలో చాలామంది ఏడ్చినాం. అది తమిళనాడులో 1993లో నిజంగా జరిగిన కేసు. సినిమాలో ఇరులర్లు అని చూపించినా, అసలు బాధితుడు కురవ కులస్తుడు, అంటే మన ఎరుకలోళ్లకు దగ్గరి బంధువులు. కానీ ఒకటి గమనించండి. మన తెలుగులో స్టువర్టుపురం పేరుతో 1991లోనే 'స్టువర్టుపురం పోలీస్ స్టేషన్', 'స్టువర్టుపురం దొంగలు' అని రెండు సినిమాలు వచ్చినాయి. 2023లో 'టైగర్ నాగేశ్వరరావు' వచ్చింది. ఊరి పేరే దొంగకు బ్రాండు. ఆ ఊళ్లో హేమలత లవణం గారు, లవణం గారు ఎన్నేళ్లు తిరిగినారో, ఎంతమంది పిల్లలు చదువుకుని ఉద్యోగాలు చేస్తున్నారో ఎవరూ సినిమా తీయలేదు. మా హాస్టల్లో ఒక ఎరుకల చెల్లి ఉంది. ఇంటి పేరు చెప్పి ఊరు చెప్పదు. ఎందుకో నాకు అర్థమైంది కాబట్టి నేను అడగను.

"అయితే మనోళ్లలో దొంగలే లేరా?" అని అడుగుతారు. ఉన్నారు. అన్ని కులాల్లో ఉన్నట్టే ఉన్నారు. బ్యాంకులను ముంచినోళ్ల కులం మొత్తాన్ని ఎవరూ రిజిస్టర్‌లో ఎక్కించలేదు కదా. దొంగతనం చేసినోణ్ణి పట్టుకోండి, ఆధారం చూపించండి, శిక్ష వేయండి. మేం అడ్డం రాము. వాడి తమ్ముణ్ణి, బామ్మర్దిని, పక్క గుడిసెలో ముసలాయన్ను వదిలిపెట్టండి.

"స్టేషన్‌లో మనుషులు తక్కువ, బందోబస్తులకే సరిపోతుంది, పైనుంచి రికవరీ ఏదని ఒత్తిడి, వాళ్లేం చేస్తారు" అని కూడా అంటారు. అది నిజమే. ల్యాబ్ రిపోర్టుకు నెలలు పడుతుంది, మనిషిని తేవడానికి అరగంట చాలు. కానీ తొందర పని ఎప్పుడూ పేదోడి వీపు మీదే ఎందుకు జరగాలి?

ఇప్పుడు మనం ఏం చేయగలం. నాకు తెలిసినంత రాస్తా, లా చదివే అన్నలు సరిదిద్దండి.

మొదటిది, కొన్ని విషయాలు మన సంగాల్లో అందరికీ నోటికి రావాలి. ఏడేళ్ల లోపు శిక్షపడే నేరాల్లో చాలావరకు అరెస్టుకు బదులు ముందు నోటీసు ఇవ్వాలి, కొత్త చట్టం బీఎన్ఎస్ఎస్ 35వ సెక్షన్. అరెస్టు చేస్తే కారణం చెప్పాలి, ఇంట్లోవాళ్లకు తెలపాలి, 24 గంటల్లో మెజిస్ట్రేటు ముందు పెట్టాలి. ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయరును ఇస్తారు. ఫోన్ నంబరు 15100. మన మీద కావాలని అబద్ధపు కేసు పెడితే అట్రాసిటీ చట్టం కింద అదే నేరం. స్టేషన్‌లలో సీసీ కెమెరాలు పెట్టాలని 2020 డిసెంబరులో సుప్రీంకోర్టు చెప్పింది.

రెండోది, పుస్తకం సంగతి. 2024 మే నెలలో సుప్రీంకోర్టు హిస్టరీ షీట్ల గురించి ఒక తీర్పులో, వెనకబడిన వర్గాల, ఎస్సీ, ఎస్టీల అమాయకుల పేర్లు యాంత్రికంగా ఎక్కించకుండా చూడాలని అన్ని రాష్ట్రాలకూ చెప్పింది. అదే ఏడాది అక్టోబర్ 3న జైళ్లలో కులం చూసి పనులు పంచే నిబంధనలను, డీనోటిఫైడ్ తెగలను పుట్టు నేరస్తులుగా చూసే రాతలను కొట్టేసింది. ఈ రెండు తీర్పులు మనకు పనికొచ్చే ఆయుధాలు. మన సంఘ నాయకులు సన్మానాలు, ఫ్లెక్సీలు కొంచెం తగ్గించి, జిల్లా ఎస్పీ గారికి అర్జీ పెట్టి, తప్పుగా ఎక్కిన పేర్లు తీసేయించే పని పట్టుకుంటే బాగుంటుంది.

మూడోది నా సొంత సంగతి. కొత్త చట్టం ప్రకారం ఏడేళ్లు, అంతకు మించి శిక్షపడే నేరాల్లో ఫోరెన్సిక్ నిపుణులు నేరస్థలానికి పోయి ఆధారాలు సేకరించాలి. రాష్ట్రాలకు దీనికి ఐదేళ్ల గడువు ఇచ్చినారు. అంటే సైన్సు చదివినోళ్ల అవసరం పెరుగుతుంది. మనలో బీఎస్సీ చదివే పిల్లలందరం టీచర్, సచివాలయం అనే రెండే దోవలు చూస్తా ఉన్నాం. వేలిముద్రల బ్యూరో, ఫోరెన్సిక్ ల్యాబ్, ఎస్సై పరీక్ష కూడా చూడండి. నేను ఆ దోవ పట్టుకుందామని అనుకుంటా ఉన్నా.

పోయిన ఆదివారం ఇంటికి పోయినప్పుడు తాతకు చెప్పినా. చాలాసేపు మాట్లాడలేదు. బీడీ ఆరిపోయింది. తర్వాత అన్నాడు, "నన్ను తీసుకుపోయిన ఉద్యోగమే చేస్తావా?" నాకు ఏం చెప్పాలో తెలియలేదు. "నువ్వు బొరియ చూసినట్టు చూసే ఉద్యోగం తాతా" అన్నా. ఆయన సరే అనలేదు, వద్దు అనలేదు. పొద్దున బస్సు ఎక్కేటప్పుడు మాత్రం, "పుస్తకాలకు ఎంతవుతుంది?" అని అడిగినాడు.

ఒక్క మనిషి పోలీసు అయితే అంతా మారిపోతుందని నేను అనుకోను. మనోళ్లు ఆ కుర్చీలో కూర్చుని అదే లాఠీ పట్టుకున్నదీ విన్నాం. కానీ జాబితా చూసి కాదు, జాడ చూసి పట్టుకునే పరిశోధన రావాలంటే, ఆ జాబితాలో ఉండి దెబ్బలు తిన్న ఇళ్ల పిల్లలు ఆ గదిలో కొంతమందన్నా ఉండాలి.

ఇక హాస్టళ్లలో ఉండే చెల్లెళ్లకు, తమ్ముళ్లకు ఒక్క మాట. రేపు మీ హాస్టల్లో ఏదన్నా పోతే, అందరితో పాటు నిలబడండి. అందరి పెట్టెలు చూస్తే మీదీ చూపించండి. అందరికంటే ముందు పోయి బోర్లించొద్దు. నేను చేసిన పని మీరు చేయొద్దు.

ఎస్సై పరీక్ష, ఫోరెన్సిక్ కోర్సుల గురించి తెలిసిన అన్నలు, అక్కలు ఎవరన్నా ఉంటే దోవ చెప్పండి. పాత పుస్తకాలు ఉంటే ఇవ్వండి, చదివి జాగ్రత్తగా తిరిగిస్తా. తప్పులుంటే మీ చెల్లెలు అనుకుని చెప్పండి.